న్యాక్ గ్రేడు తగ్గితే: అప్పీలు నుంచి హైకోర్టు దాకా అడుగడుగునా ఏం చేయాలి

కాలేజీలు, యూనివర్సిటీల నాణ్యత కొలిచి గుర్తింపు ఇచ్చే న్యాక్ నుంచి గ్రేడు వచ్చిన రోజు సాయంత్రం ప్రిన్సిపాల్ గదిలో మొదట వినిపించే మాట "కోర్టుకి వెళ్దాం". ఆ మాట అన్నవాళ్లలో ఎక్కువమంది అప్పటికి గ్రేడు షీటు రెండో పేజీ కూడా తిప్పి ఉండరు. మూడో రోజుకి వకీలు దొరుకుతాడు, పదో రోజుకి పిటిషన్ ముసాయిదా వస్తుంది. ఈలోగా అప్పీలు గడువు నిశ్శబ్దంగా కరిగిపోతూ ఉంటుంది.

చాలా ఏళ్లు ఐక్యూఏసీ (కాలేజీ అంతర్గత నాణ్యతా విభాగం) ఫైళ్లతో కుస్తీ పట్టినవాడిగా ఒక్కటి ముందే చెప్తాను. కోర్టు మీ కాలేజీకి ఎన్ని మార్కులు రావాలో తేల్చదు. ఆ మార్కులు వేసిన పద్ధతి సరిగ్గా నడిచిందా లేదా అన్నదే చూస్తుంది. ఈ తేడా తెలిసినవాళ్ల ఫైలు ఒకలా ఉంటుంది, తెలియనివాళ్ల ఫైలు ఇంకోలా ఉంటుంది. కింద రాసినదంతా ఆ తేడా చుట్టూనే తిరుగుతుంది.

మొదటి అడుగు: దేని మీద గొడవో తేల్చుకోండి

న్యాక్ 1994లో బెంగళూరు కేంద్రంగా ఏర్పడింది. యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్ (యూజీసీ) చట్టంలోని 12(సిసిసి) సెక్షన్ కింద పుట్టిన స్వయంప్రతిపత్తి సంస్థ. 2017 జూలై నుంచి అమల్లోకి వచ్చిన సవరించిన విధానంలో 4 మీద సీజీపీఏ, అంటే సగటు స్కోరు, లెక్కగట్టి గ్రేడు ఇస్తూ వచ్చారు. 3.51 నుంచి పైకి ఎ++, 3.26 నుంచి 3.50 వరకు ఎ+, 3.01 నుంచి 3.25 వరకు ఎ, 2.76 నుంచి 3.00 వరకు బి++, 2.51 నుంచి 2.75 వరకు బి+, 2.01 నుంచి 2.50 వరకు బి, 1.51 నుంచి 2.00 వరకు సి. 1.50, అంతకు తక్కువ వస్తే డి, అంటే గుర్తింపు రానట్టే.

ఈ గీతల దగ్గర 0.01 తేడాకి కూడా ప్రాణం ఉంటుంది. 2018 నాటి యూజీసీ గ్రేడెడ్ అటానమీ నిబంధనల్లో 3.51 ఉన్న యూనివర్సిటీ మొదటి కేటగిరీ, 3.26 నుంచి 3.50 మధ్య ఉన్నది రెండో కేటగిరీ. దూరవిద్య, ఆన్‌లైన్ కోర్సులకు సంబంధించిన 2020 నిబంధనల్లో అర్హతకు ఒక దారి న్యాక్‌లో 3.01 స్కోరు. డీమ్డ్ (యూనివర్సిటీతో సమానమైన) హోదా కోరేవారికి 2023 నిబంధనలు చూపించిన మార్గాల్లో ఒకటి వరసగా రెండు సైకిళ్లలో, అంటే రెండు విడతల మూల్యాంకనంలో, 3.01కి తగ్గకుండా ఉండటం. కాబట్టి "మాకు అన్యాయం జరిగింది" అని రాయడానికి ముందు ఒక కాగితం మీద ఇది రాసుకోండి: ఈ గ్రేడు వల్ల మా చేతిలోంచి ఏ హక్కు, ఏ అర్హత జారిపోయింది? అప్పీలులోనూ, హైకోర్టులో వేసే రిట్ పిటిషన్‌లోనూ ఆ ఒక్క పేరాకి ఉన్న బరువు పది పేజీల ఆవేదనకి ఉండదు.

ఇంకో మాట. న్యాక్, ఎన్‌బీఏ, ఎన్ఐఆర్ఎఫ్ మూడూ వేరు. ఎన్‌బీఏ ఒక్కో ప్రోగ్రామ్‌కి గుర్తింపు ఇస్తుంది, దానికి సొంత అప్పీలు పద్ధతి ఉంది. ఎన్ఐఆర్ఎఫ్‌ది ర్యాంకు. ఈ మూడింటి గురించి ఒకే పిటిషన్‌లో కలగాపులగంగా రాసిన కాగితాలు నేను చూశాను. జడ్జి గారు మొదటి పేజీలోనే అసహనపడితే తప్పు ఆయనది కాదు.

రెండో అడుగు: ముందు కాలిక్యులేటర్, తర్వాత వకీలు

ఇదే అందరూ దాటేసే అడుగు, నా లెక్కలో అన్నిటికన్నా ముఖ్యమైనది.

మొత్తం ఏడు క్రైటీరియాలు. యూనివర్సిటీలకైతే పాఠ్యప్రణాళికకు 150, బోధన-మూల్యాంకనానికి 200, పరిశోధనకు 250, మిగతా నాలుగింటికి తలా 100. మొత్తం 1000. ఒక్కో మెట్రిక్‌కి (క్రైటీరియా కింద ఉండే ఒక్కో కొలతకి) 0 నుంచి 4 వరకు మార్కు వేసి, దాని వెయిటేజీతో గుణించి, అన్నీ కూడి 1000తో భాగిస్తే సీజీపీఏ.

ఇప్పుడు లెక్క చూడండి. మీకు 3.24 వచ్చింది, ఎ+ కి 3.26 కావాలి. అంటే 0.02 తక్కువ. వెయిటేజీ 10 ఉన్న ఒక మెట్రిక్‌లో మీకు 4 రావాల్సిన చోట 2 వేశారని నిరూపిస్తే, 10 ఇంటూ 2 బై 1000, సరిగ్గా 0.02. ఒక్క మెట్రిక్‌తో గ్రేడు మారుతుంది. అదే మీకు 3.12 వచ్చి ఉంటే 0.14 కావాలి. అందుకు మొత్తం 140 పాయింట్లు రాబట్టాలి. అంటే వెయిటేజీ 10 ఉన్న ఏడు మెట్రిక్కుల్లో రెండేసి మార్కులు పెరగాలి. ఏడు చోట్లా తప్పు వాళ్లదే అని నిరూపించగలరా? లేకపోతే ఆ గొడవకి అర్థం లేదు. డబ్బు, టైమ్ పోతాయి, చివరికి అదే గ్రేడు మిగులుతుంది.

ఒక షీటు తయారుచేయండి. ఎడమ పక్క మెట్రిక్ నంబర్, తర్వాత వెయిటేజీ, మీరు ఎస్‌ఎస్‌ఆర్‌లో (మీ గురించి మీరే న్యాక్‌కి ఇచ్చే నివేదికలో) చెప్పిన విలువ, డీవీవీ (ఆ సంఖ్యలని న్యాక్ తరఫున సరిచూసే దశ) తర్వాత మిగిలిన విలువ, వచ్చిన మార్కు, రావాలని మీరనుకునే మార్కు, తేడా. చివరి కాలమ్‌లో ఆ తేడాకి మీ దగ్గరున్న కాగితం పేరు రాయండి. కాగితం లేని వరసలన్నీ కొట్టేయండి. మిగిలినవి కూడితే గీత దాటుతోందా? దాటితే ముందుకు వెళ్లండి. దాటకపోతే ఈ వ్యాసంలో రీఅసెస్‌మెంట్ (మళ్లీ మూల్యాంకనం) గురించిన భాగం మీకోసం.

మూడో అడుగు: తప్పు ఎక్కడ జరిగిందో పేరు పెట్టండి

న్యాక్ మార్కుల్లో దాదాపు 70 శాతం సంఖ్యల ఆధారంగా వచ్చేవి, మిగతా 30 శాతం పీర్ టీమ్ (న్యాక్ పంపే నిపుణుల బృందం) చూసి వేసేవి. ఈ రెండు రకాల వివాదాలూ వేరువేరు జాతులు.

సంఖ్యల వైపు గొడవంతా డీవీవీ దగ్గరే. ఉదాహరణకి పీహెచ్‌డీ ఉన్న పూర్తికాల అధ్యాపకుల సంఖ్య. మీరు 62 అని రాశారు, డీవీవీ వాళ్లు 41 మాత్రమే తీసుకున్నారు. ఎందుకు? కొందరి నియామక పత్రాలు అప్‌లోడ్ కాలేదు, కొందరి డిగ్రీ సర్టిఫికెట్ బదులు నోటిఫికేషన్ మాత్రమే పెట్టారు, ఇద్దరు మధ్యలో మానేశారు. ఇలా ఒక్కొక్క పేరూ తవ్వితే, కొన్నిచోట్ల తప్పు మీదేనని తేలుతుంది. అది ఒప్పుకోండి, మనసులోనైనా. మీరు స్పష్టీకరణ గడువులోపు సరైన కాగితం పెట్టాక కూడా వాళ్లు చూడకుండా కొట్టేసిన పేర్లే మీ కేసు. అవి 21 కాకపోవచ్చు, 9 కావచ్చు. ఆ 9 మీదే నిలబడండి.

పీర్ టీమ్ వైపు గొడవ కష్టం. ముగ్గురు నిపుణులు వచ్చి చూసి "మీ పరిశోధన వాతావరణం ఇంకా మెరుగుపడాలి" అంటే, కాదనడానికి కొలబద్ద ఏది? ఒక్క సందు ఉంది. తనిఖీ చివర్లో జరిగే ఎగ్జిట్ మీటింగ్‌లో మీకు చూపించి సంతకాలు చేయించిన పీర్ టీమ్ నివేదిక ఉంటుంది కదా, దాన్ని మార్కులతో పక్కపక్కన పెట్టి చదవండి. నివేదికలో ఒక అంశాన్ని బలంగా మెచ్చుకుని, అదే అంశానికి మార్కు 1 వేసి ఉంటే అది అభిప్రాయభేదం కాదు, పొంతన లేకపోవడం. అప్పీలు కమిటీ ముందు చెప్పుకోదగ్గ మాట అది.

మూడో జాతి పద్ధతి తప్పులు: మీ వాదన వినకుండా నిర్ణయం, కారణం చెప్పని తిరస్కారం, పీర్ టీమ్ సభ్యుడికి మీ సంస్థతోనో పోటీ సంస్థతోనో సంబంధం ఉండటం. కోర్టులో నిజంగా నిలబడేవి ఇవే. అయితే పక్షపాతం గురించి ఒక హెచ్చరిక: టీమ్ పేర్లు తెలిసినప్పుడే అభ్యంతరం చెప్పి ఉండాలి. అప్పుడు పూలదండలు వేసి, గ్రేడు తగ్గాక "ఆయన మా ప్రత్యర్థి కాలేజీ మనిషి" అంటే ఎవరూ నమ్మరు. నమ్మినా, తెలిసీ ఊరుకున్నారు కాబట్టి ఇప్పుడు అడిగే హక్కు లేదంటారు.

నాలుగో అడుగు: ఫైలుని గడ్డకట్టించండి

గ్రేడు వచ్చిన 48 గంటల్లోపు చేయాల్సిన పని ఇది. న్యాక్ పోర్టల్‌లో మీ లాగిన్ కింద కనిపించే ప్రతి పేజీనీ తేదీ, సమయం కనిపించేలా పీడీఎఫ్ చేయండి. ఐఐక్యూఏ (న్యాక్‌కి మొదట పెట్టే దరఖాస్తు), ఎస్‌ఎస్‌ఆర్, డీవీవీ అడిగిన ప్రశ్నలు, మీ జవాబులు, అప్‌లోడ్ రసీదులు, ఈమెయిళ్లు, పీర్ టీమ్ షెడ్యూలు, సంతకాలున్న నివేదిక, గ్రేడు షీటు. ఈమెయిళ్లని ప్రింట్ తీసి ఊరుకోకండి, మెయిల్ బాక్సులోనే భద్రంగా ఉంచండి. కోఆర్డినేటర్ ఉద్యోగం మానేస్తే ఆ మెయిల్ ఐడీ పాస్‌వర్డ్ కూడా ఆయనతోనే వెళ్లిపోయిన కాలేజీలు ఉన్నాయి. నవ్వొస్తుంది గానీ, ఆ రోజు టెన్షన్ పడేవాళ్లకి నవ్వు రాదు.

తర్వాత మీ సొంత కాగితాల్లో పొంతన చూసుకోండి. ఎస్‌ఎస్‌ఆర్‌లో అధ్యాపకుల సంఖ్య, ఏటా న్యాక్‌కి పంపిన ఏక్యూఏఆర్‌లలో (వార్షిక నాణ్యతా నివేదికల్లో) సంఖ్య, ఏఐఎస్‌హెచ్ఈకి (ఉన్నత విద్యపై అఖిల భారత సర్వేకి) ఇచ్చిన సంఖ్య. ఈ మూడూ మూడు రకాలుగా ఉంటే, మీరు కోర్టు గుమ్మం ఎక్కిన రోజున అవతలి వకీలు చేసే మొదటి పని వాటిని పక్కపక్కన పెట్టడమే. ఎస్‌ఎస్‌ఆర్ మీ వెబ్‌సైట్‌లోనే బహిరంగంగా ఉంటుంది, దాచేదేమీ లేదు. పొంతన లేకపోతే కారణం ఇప్పుడే రాసిపెట్టుకోండి. లెక్కించిన తేదీలు వేరు కావచ్చు, నిర్వచనాలు వేరు కావచ్చు. కారణమే లేకపోతే, దయచేసి ఆ మెట్రిక్‌ని మీ కేసులోంచి తీసేయండి.

ఇక్కడ ఒక గట్టి మాట. పాత తేదీలు వేసి కొత్త కాగితాలు పుట్టించకండి. గ్రేడు గొడవ కాస్తా ఫోర్జరీ కేసుగా మారడానికి ఒక్క కాగితం చాలు.

ఐదో అడుగు: అప్పీలు

న్యాక్ మాన్యువల్‌లోనే ఫలితం మీద అప్పీలుకి దారి ఉంది. ముందు డైరెక్టర్ పేరుతో రాతపూర్వకంగా విన్నపం, తర్వాత నిర్దేశించిన ప్రొఫార్మా, దాంతోపాటు తిరిగి రాని ఫీజు. అప్పీలు కమిటీ చూసి సిఫారసు చేస్తుంది, తుది నిర్ణయం న్యాక్ పైకమిటీది. ఎక్కువగా వచ్చే ఊరట రెండు రకాలు: డీవీవీ మళ్లీ చేయించడం, లేదా పీర్ టీమ్‌ని మళ్లీ పంపడం. ఆ ఖర్చు కూడా సంస్థే పెట్టుకోవాలి. గడువు రోజుల్లో లెక్క. మీ సంస్థ దరఖాస్తు చేసినప్పుడు అమల్లో ఉన్న మాన్యువల్ తీసి, అప్పీలు పేజీకి ఫ్లాగ్ అతికించి, ఫలితం వచ్చిన రోజునే క్యాలెండర్‌లో గుర్తుపెట్టండి. విన్నపం ఒక పేజీ అయినా సరే, ముందు అది పంపేయండి.

ప్రొఫార్మా ఎలా నింపాలి? సంస్థ స్థాపకుల త్యాగాలతో మొదలుపెట్టకండి. ఒక్కో మెట్రిక్‌కి అర పేజీ. మెట్రిక్ నంబర్, వచ్చిన మార్కు, మేం ఫలానా తేదీన అప్‌లోడ్ చేసిన ఫలానా పత్రం, అది చూస్తే మార్కు ఇంత ఉండాలి, ఎందుకంటే మాన్యువల్‌లో ఈ మెట్రిక్ నిర్వచనం ఇదీ. అంతే. కొత్త పత్రాలు ఇరికించే ఆశ వదులుకోండి. అప్పుడే ఎందుకు పెట్టలేదని అడుగుతారు, జవాబు ఉండదు. ఒక్క మినహాయింపు: పోర్టల్ లోపం వల్ల అప్‌లోడ్ కాలేదని అప్పుడే మెయిల్ పెట్టి, ఆ మెయిల్ మీ దగ్గర ఉంటే ధైర్యంగా జతచేయండి.

చివర్లో ఒక వాక్యం తప్పకుండా రాయండి: "మా వాదన వినిపించే అవకాశం ఇచ్చి, ప్రతి అంశం మీద కారణాలతో నిర్ణయం తెలియజేయగలరు." ఇది మర్యాద కోసం రాసే వాక్యం కాదు. రేపు కారణాల్లేని ఒంటివాక్యపు తిరస్కారం వస్తే, మీ రిట్‌కి పునాది ఈ వాక్యమే.

తిరిగి చూసినప్పుడు మార్కు పెరుగుతుందనే హామీ ఏమీ లేదు. మళ్లీ తెరిచిన మెట్రిక్‌లో తగ్గే వీలు కూడా ఉంది. మీ బలహీనమైన మెట్రిక్‌లను మీరే చేతులారా టేబుల్ మీద పెట్టకండి.

కోర్టు వద్దనుకుంటే: రీఅసెస్‌మెంట్

గ్రేడు సాధారణంగా ఐదేళ్లు ఉంటుంది. 2017 విధానంలో, ఏడాది పూర్తయ్యాక, మూడేళ్లు నిండేలోపు స్వచ్ఛందంగా రీఅసెస్‌మెంట్ కోరే వీలు పెట్టారు. లెక్కలో 0.10 పైన తేడా ఉన్నవాళ్లకి నా సలహా మొహమాటం లేకుండా ఇదే. రిట్ తేలడానికి పట్టే కాలంలో ఖాళీ పోస్టులు నింపుకుని, లైబ్రరీ రిజిస్టర్లు సరిచేసుకుని, కొత్తగా దరఖాస్తు చేసుకోవచ్చు. మేనేజ్‌మెంట్‌కి ఇది ఓటమిలా అనిపిస్తుంది, అదే ఇబ్బంది. మీరు దరఖాస్తు చేసే నాటికి అమల్లో ఉన్న విధానంలో ఈ వీలు ఏ రూపంలో ఉందో చూసుకుని అడుగు వేయండి.

ఆరో అడుగు: పది రూపాయల ఆయుధం

అప్పీలు పెట్టిన వారంలోనే సమాచార హక్కు దరఖాస్తు వేయండి. చట్టం 2005 నాటిది. ఫీజు 10 రూపాయలు, జవాబుకి 30 రోజులు, మొదటి అప్పీలుకి 30 రోజులు, రెండో అప్పీలు కేంద్ర సమాచార కమిషన్‌కి 90 రోజుల్లోపు.

చాలామంది చేసే పొరపాటు, కాలేజీ లెటర్‌హెడ్ మీద, సంస్థ పేరుతో అడగడం. మూడో సెక్షన్ ప్రకారం ఈ హక్కు పౌరులది. సంస్థ పౌరుడు కాదు. రిజిస్ట్రారో, కోఆర్డినేటరో తన సొంత పేరుతో, ఇంటి చిరునామాతో వేయాలి.

"మా గ్రేడు ఎందుకు తగ్గింది?" అని అడగకండి. ఎందుకు అనే ప్రశ్నకి సమాచార అధికారి జవాబు చెప్పక్కర్లేదు. కాగితాలు అడగండి: ఫలానా సంస్థకి సంబంధించి మెట్రిక్ వారీగా మార్కుల నకలు, డీవీవీ పరిశీలన నోట్‌షీట్లు, అప్పీలు కమిటీ సమావేశపు మినిట్స్, ఫైలు చూసుకునే అవకాశం. మూల్యాంకనం చేసినవారి పేర్లు దాచిపెట్టి మిగతాది ఇవ్వండి అని మీరే రాస్తే, ఇవ్వనని చెప్పడానికి వాళ్లకున్న సాకుల్లో పెద్దది పోతుంది. దిద్దిన జవాబు పత్రం చూసుకునే హక్కు విద్యార్థికి ఉందని 2011లో సీబీఎస్‌ఈ వర్సెస్ ఆదిత్య బందోపాధ్యాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తీర్పు గ్రేడుల గురించి కాదు. అయినా, మమ్మల్ని అంచనా వేసిన కాగితం మాకు చూపించండి అనే మీ వాదనకి దాని తర్కం పనికొస్తుంది.

ఏడో అడుగు: రిట్ పిటిషన్

ఇక్కడికి వచ్చారంటే అప్పీలు తిరస్కరించి ఉండాలి, లేదా నెలల తరబడి జవాబు రాకపోయి ఉండాలి. అప్పీలు పెట్టకుండా నేరుగా వస్తే, ప్రత్యామ్నాయ మార్గం ఉండగా ఇక్కడికెందుకు వచ్చారని హైకోర్టు అడుగుతుంది. 1998లో వర్ల్‌పూల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన మినహాయింపులు గుర్తుపెట్టుకోండి: ప్రాథమిక హక్కుల ఉల్లంఘన, సహజ న్యాయసూత్రాల ఉల్లంఘన, అసలు అధికార పరిధే లేకుండా చేసిన చర్య, చట్టం చెల్లుబాటునే ప్రశ్నించడం. మీది వీటిలో పడుతుందని గట్టిగా చెప్పగలిగితేనే షార్ట్‌కట్. పైకమిటీ నిర్ణయానికి సంస్థ కట్టుబడాలని మాన్యువల్‌లో ఉన్నా కంగారుపడకండి. రాజ్యాంగం 226వ అధికరణ హైకోర్టులకి ఇచ్చిన అధికారాన్ని ఒక మాన్యువల్ తీసేయలేదు.

ఏ హైకోర్టు? న్యాక్ బెంగళూరులో ఉంది కాబట్టి కర్ణాటక హైకోర్టులో వేయడానికి ఏ అభ్యంతరమూ ఉండదు. మీ సంస్థ ఏపీలోనో తెలంగాణలోనో ఉంటే, పీర్ టీమ్ అక్కడికే వచ్చింది, నష్టం అక్కడే జరిగింది కాబట్టి 226(2) కింద మీ హైకోర్టులోనూ వేయవచ్చు. అయితే 2004 నాటి కుసుమ్ ఇంగాట్స్ తీర్పులో ఒక మెలిక ఉంది. వ్యాజ్య కారణంలో చిన్న భాగం తన పరిధిలో ఉన్నంత మాత్రాన హైకోర్టు తప్పనిసరిగా వినాలని లేదు, వేరే కోర్టు అనువైనదని పంపేయవచ్చు. కాబట్టి మీ ఊళ్లో ఏమేం జరిగిందో తేదీలతో ఒక పేరా ప్రత్యేకంగా రాయించండి.

ప్రతివాదులుగా న్యాక్, యూజీసీ, కేంద్ర విద్యాశాఖ. ఫలానా సభ్యుడు కక్షతో చేశాడని ఆరోపిస్తే, ఆయన్ని పేరుతో ప్రతివాదిగా చేర్చాలి. చేర్చకుండా దురుద్దేశం అంటగడితే ఆ ఆరోపణని కోర్టు పట్టించుకోదు. చేర్చే ధైర్యం, ఆధారం లేకపోతే ఆ పేరాలు తీసేయండి, పిటిషన్ తేలికపడుతుంది, బలపడుతుంది కూడా.

ఇప్పుడు అసలు సంగతి. 1963లో యూనివర్సిటీ ఆఫ్ మైసూర్ వర్సెస్ గోవిందరావు కేసు నుంచీ సుప్రీంకోర్టు ఒకే మాట చెప్తూ వస్తోంది: విద్యా నిపుణుల అభిప్రాయంలో కోర్టులు తొందరపడి తలదూర్చకూడదు. 1994 నాటి టాటా సెల్యులార్ తీర్పు దీన్నే ఇంకోవైపు నుంచి చెప్పింది, న్యాయసమీక్ష నిర్ణయం మీద కాదు, నిర్ణయం తీసుకున్న తీరు మీద అని. అవతలి వకీలు ఈ రెండూ చదువుతాడు, ఖాయం. మీ పిటిషన్ "మా ల్యాబులు బాగున్నాయి" అనే వాదన మీద నడిస్తే అక్కడితో అయిపోయింది.

మీ వైపు నిలిచే తీర్పులు వేరే ఉన్నాయి. 1969 నాటి క్రైపాక్ కేసు: ఎంపిక చేసేవాడికి ఆ ఎంపికలో సొంత ప్రయోజనం ఉండకూడదు, పాలనాపరమైన నిర్ణయాల్లోనూ న్యాయంగా నడుచుకోవాలి. 1977 నాటి మొహిందర్ సింగ్ గిల్ కేసు: ఉత్తర్వు తనలో రాసిన కారణాల మీదే నిలబడాలి, తర్వాత అఫిడవిట్‌లో కొత్త కారణాలు చేర్చి నిలబెట్టడానికి వీల్లేదు. గ్రేడు తగాదాల్లో ఈ రెండోది నాకు బాగా ఇష్టం. తిరస్కార లేఖలో ఒక్క వాక్యం ఉంటుంది, కోర్టుకి వాళ్లిచ్చే జవాబులో, అంటే కౌంటర్ అఫిడవిట్‌లో, కారణాల వాన కురుస్తుంది. ఆ తేడా చూపించడమే మీ వాదన.

ప్రేయర్ (పిటిషన్‌లో కోర్టుని కోరే ఊరట) రాసేటప్పుడు నిగ్రహం కావాలి. "మాకు ఎ+ ఇవ్వమని ఆదేశించండి" అని రాయిస్తే, అది మేం చేసే పని కాదనే జవాబు వస్తుంది. "ఫలానా తేదీ తిరస్కార లేఖని రద్దు చేసి, ఫలానా మెట్రిక్‌లను ఫలానా తేదీన అప్‌లోడ్ చేసిన పత్రాలతో తిరిగి పరిశీలించి, మా వాదన విని, ఇన్ని వారాల్లో కారణాలతో నిర్ణయం ఇవ్వమని ఆదేశించండి" అని అడగండి. గెలిచినా దొరికేది ఇంచుమించు ఇదే కాబట్టి, మొదటే అడగడం మేలు.

మధ్యంతర ఊరట దగ్గర పెద్ద గుంట ఉంది. మేనేజ్‌మెంట్లకి స్టే అంటే మోజు. గ్రేడు మీద స్టే వస్తే మీ చేతిలో మిగిలేది ఏంటి? కొత్త గ్రేడూ ఉండదు, పాతది ఎప్పుడో గడువు తీరి ఉంటుంది. అడ్మిషన్ల సీజన్‌లో గుర్తింపే లేని సంస్థగా నిలబడతారు. దానికన్నా, ప్రస్తుత గ్రేడు ఈ రిట్ తుది తీర్పుకి లోబడి ఉంటుందని, ఈలోగా దాని ఆధారంగా మా అర్హతలు రద్దు చేయవద్దని అడిగించండి.

రిట్‌కి చట్టంలో ఇన్ని రోజులని గడువు లేదు. కానీ ఆలస్యం అనే మాట ఉంది. ఏడాదిన్నర ఊరుకుని, ఆ గ్రేడునే బ్రోచర్‌లో వేసుకుని, తర్వాత దాన్ని సవాలు చేస్తే ఎవరు వింటారు?

మీకే నోటీసు వస్తే

ఇప్పటిదాకా మీరు ఫిర్యాదీ. కొన్నిసార్లు బాణం ఇటు తిరుగుతుంది. 2025 ఫిబ్రవరి 1న సీబీఐ, గుంటూరు జిల్లాలోని ఒక డీమ్డ్ యూనివర్సిటీకి మంచి గ్రేడు కోసం లంచాలు ఇచ్చారనే ఆరోపణపై, సంస్థ బాధ్యులనూ న్యాక్ పీర్ టీమ్ సభ్యులనూ కలిపి 10 మందిని అరెస్టు చేసినట్టు ప్రకటించింది. అదే ఏడాది నవంబర్‌లో ఫరీదాబాద్‌లోని అల్ ఫలాహ్ యూనివర్సిటీకి న్యాక్ షోకాజ్ నోటీసు ఇచ్చింది. ఎప్పుడో గడువు తీరిన గ్రేడులను వెబ్‌సైట్‌లో ఇంకా చూపిస్తున్నందుకు.

షోకాజ్ వస్తే మొదట చేయాల్సింది నోటీసు ఆధారాల నకళ్లు రాతపూర్వకంగా అడగడం. ఏ ఫిర్యాదు, ఏ పత్రం, ఏ మెట్రిక్. అవి ఇవ్వకుండా గ్రేడు ఉపసంహరిస్తే అది సహజ న్యాయసూత్రాలకి విరుద్ధం అనే వాదన అప్పుడే పుడుతుంది. రెండోది, గడువులోపు జవాబు ఇవ్వడం, కాస్త తక్కువ సమాచారంతోనైనా. నోటీసు దశలోనే కోర్టుకి పరిగెత్తితే, ముందు జవాబు ఇచ్చుకోండి అని పంపేయడమే ఎక్కువ. మూడోది, నోటీసులో నిజం ఉంటే వెంటనే సరిదిద్దుకోవడం. గడువు తీరిన గ్రేడు వెబ్‌సైట్‌లో ఉంటే ఈ రాత్రే తీసేయండి. తీసేసిన సంగతి జవాబులో రాయండి, దాచకండి. క్రిమినల్ కేసు కూడా ఉంటే దానికి వేరే వకీలు. అక్కడ చెప్పేది, ఇక్కడ రాసేది ఒకరికొకరు చూసుకోవాలి.

విద్యార్థి వైపు నుంచి

ఎ++ అని బోర్డు చూసి చేరారు, తర్వాత అది అబద్ధమనో, ఇంకో కాలేజీ గ్రేడు వాడుకున్నారనో తెలిసింది. ఇక్కడ మీ గొడవ న్యాక్‌తో కాదు, కాలేజీతో. ముందు బ్రోచర్, వెబ్‌సైట్ స్క్రీన్‌షాట్ తేదీతో భద్రపరచండి. తర్వాత న్యాక్ వెబ్‌సైట్‌లో సంస్థ పేరుతో వెతికి, గ్రేడు, సైకిల్, గడువు తేదీ సరిచూడండి. పేరు ఒకేలా ఉన్న అక్కాచెల్లెళ్ల కాలేజీలుంటాయి, గ్రేడు వచ్చింది ఏ క్యాంపస్‌కో జాగ్రత్తగా చూడాలి.

యూజీసీ 2023లో తెచ్చిన విద్యార్థి ఫిర్యాదుల నిబంధనల ప్రకారం ప్రతి సంస్థలో ఫిర్యాదుల కమిటీ, యూనివర్సిటీ స్థాయిలో అంబుడ్స్‌పర్సన్ (ఆ కమిటీ నిర్ణయాలపై అప్పీలు వినే వ్యక్తి) ఉండాలి. కమిటీ నిర్ణయం నచ్చకపోతే 15 రోజుల్లోపు అంబుడ్స్‌పర్సన్‌కి అప్పీలు. వినియోగదారుల కమిషన్ దారి గతుకులది. విద్య సేవ కాదని సుప్రీంకోర్టు 2010లో మహర్షి దయానంద్ యూనివర్సిటీ కేసులో చెప్పింది. అదే కోర్టు 2009లో బుద్ధిస్ట్ మిషన్ డెంటల్ కాలేజీ కేసులో, గుర్తింపు, అనుబంధం లేకుండానే ఉన్నట్టు నమ్మించి చేర్చుకున్న కాలేజీపై విద్యార్థులకు పరిహారాన్ని సమర్థించింది. కాబట్టి "చదువు బాగాలేదు" అని కాకుండా "లేని హోదా ఉందని చెప్పి డబ్బు తీసుకున్నారు" అని కేసు కట్టండి.

కాలేజీలో పనిచేస్తూ తప్పుడు లెక్కలు చూసిన అధ్యాపకుల పరిస్థితి ఇంకా ఇరుకు. మీ చేత సంతకం పెట్టించిన పత్రాల నకలు దగ్గరుంచుకోండి, ఒప్పుకోనిచోట అభ్యంతరం మెయిల్‌లో ఒక వాక్యమైనా పెట్టండి. గ్రేడు వచ్చాక ఆకాశరామన్న ఉత్తరం రాయడం కన్నా ఆ మెయిల్ మిమ్మల్ని ఎక్కువ కాపాడుతుంది.

కొత్త పద్ధతిలో ఏం మారుతుంది

ఇస్రో మాజీ ఛైర్మన్ కె.రాధాకృష్ణన్ కమిటీ సిఫారసుల మేరకు, అక్షరాల గ్రేడుల స్థానంలో గుర్తింపు ఉంది లేదా లేదు అనే బైనరీ పద్ధతినీ, ఆ తర్వాత ఒకటి నుంచి ఐదు దాకా స్థాయిలనీ తెస్తామని న్యాక్ 2024 జనవరిలో ప్రకటించింది. గీత ఒక్కటే ఉన్నప్పుడు దాని దగ్గర తగాదాలు తగ్గుతాయని కొందరి ఆశ. నాకు అలా అనిపించదు. ఎ కి ఎ+ కి మధ్య ఓడిపోతే పరువు పోతుంది, ఉంది-లేదు మధ్య ఓడిపోతే సంస్థే పోతుంది. అప్పుడు నష్టం చూపించడం తేలిక, వాదన వినలేదనే మాటకి బరువు ఎక్కువ. తనిఖీ కన్నా డేటా మీద ఆధారపడటం పెరిగేకొద్దీ, పీర్ టీమ్ మీద వచ్చే గొడవలు తగ్గి, ఏ పోర్టల్‌లో ఏ సంఖ్య ఎవరు ఎక్కించారన్న గొడవలు పెరుగుతాయి. పాత విధానంలో వచ్చిన గ్రేడుల మీద మీ దగ్గర నడుస్తున్న అప్పీలు ఉంటే, అది ఏ మాన్యువల్ కింద మొదలైందో ప్రతి కాగితం మీదా రాస్తూ ఉండండి. విచారణ మధ్యలో కొత్త నిబంధన చూపించి పాత మెట్రిక్‌ని కొలిస్తే, అదే మీకు ఇంకో కొత్త పాయింటు.